చెప్పులిడిచి రా సారు

పరశురాములు ఏ ఊళ్ళో షూటింగ్ పెట్టినా పొద్దున్నే ముందుగా చూసేది కెమెరాను కాదు, వంటపొయ్యిని. నిర్మాతగా ముప్ఫై ఒక్క హిందీ సినిమాలు తీసినా ఆ అలవాటు పోలేదు. మంగళవారం నాడు కూడా ఏడు కాకముందే పొయ్యి దగ్గరికి వచ్చి, ఇంత ఉప్మా అరచేతిలో వేయించుకొని నోట్లో వేసుకున్నాడు. ఉప్పు సరిపోయిందని తల ఊపాడు. జనరేటర్ వ్యాను మైకులకు ఎంత దూరంలో ఉందో చూశాడు. తలెత్తి ఆకాశం చూశాడు. మబ్బు తునక లేదు. ఇక కూర్చోవడానికి కుర్చీ ఎక్కడుందా అని వెతుక్కున్నాడు. డెబ్బై రెండేళ్ళ మోకాళ్ళు అవి.

వరంగల్ వైపు గూడూరు దాటి అడవి అంచుకు పోయే దారిలో, తండాకు ఆనుకొని ఉన్న మక్కచేను అది. కోత అయిపోయి కొయ్యకాళ్ళు మిగిలాయి. మధ్యలో టార్పాలిన్ గుడారం వేసి, కింద ఒక బల్ల, ఒక కుర్చీ పెట్టారు. సినిమాలో అది భూముల విచారణకు వచ్చిన ఆఫీసరు కూర్చునే చోటు. అతని ఎదురుగా, గుడారం బయట ఎండలో, తండా ముసలామె నిలబడి తన భూమి కోసం మాట్లాడాలి. ఆ వేషం పేరున్న నటి సుమనది. సినిమా మొత్తం ఈ ఒక్క సీను మీద నిలబడాలని డైరెక్టరు దిలీప్ ఆరు నెలలుగా చెబుతున్నాడు.

అంతకుముందు రెండు రోజులు జనగామ స్టేషన్లో తీశారు. పద్దెనిమిదో ఏట పరశురాములు బొంబాయికి రైలెక్కిన ఊరు. ప్లాట్‌ఫారం మీద టీ అమ్మే మనిషి అతని మాట విని, "సారుది గీడనే గద," అన్నాడు. ఆ యాస హిందీలోకి కూడా పాకిందని బొంబాయిలో చాలామంది చాలా ఏళ్ళు నవ్వుకున్నారు. పరశురాములు దాన్ని మార్చుకోలేదు. నవ్వినవాళ్ళలో సగం మంది సినిమాలు మానుకొని వెళ్ళిపోయారు. తను ఉన్నాడు.

ఖాళీగా ఉన్నది ఆఫీసరు కుర్చీ ఒక్కటే. వెళ్ళి అందులో కూర్చున్నాడు.

ఎదురుగా, నేలలో దిగ్గొట్టిన మేకుకు ఎర్రగుడ్డ కట్టిన చోట, ఒకామె నిలబడి ఉంది. అరవై దాటిన మనిషి. సుమనకు డూపు. సుమన ఎత్తే, సుమన ఒడ్డూ పొడుగే. కెమెరామన్ లైట్లు సరిచేసుకునే గంట సేపు సుమన బదులు ఆమె నిలబడాలి. తర్వాత ఆమె పక్కకు పోతుంది, సుమన చల్లని వ్యాను దిగి వచ్చి అదే మేకు దగ్గర నిలబడుతుంది. బట్టలవాళ్ళు ఆమెకు కూడా సుమనకు కుట్టినట్టే అద్దాల రవిక, అద్దాల పావడ తొడిగారు. ఎండ పడి ఆ అద్దాలు తళుక్కుమన్నప్పుడల్లా కెమెరామన్ విసుక్కుంటున్నాడు.

"నీ పేరేంది చెల్లె?" పరశురాములు పలకరించాడు.

"సోమ్లీ. నీదేంది సేటూ?"

"పరశురాములు."

"బొంబాయి సేట్లకు గూడ గసొంటి పేర్లుంటయా?"

అతను నవ్వాడు. ఆమె పావడ కుచ్చిళ్ళు రెండు వేళ్ళతో ఎత్తి చూపించింది.

"నా పెండ్లికి గూడ గిన్ని అద్దాల్లేవు. బువ్వ తింటుంటే ఒక్కొక్క అద్దంల ఒక్కొక్క నోరు గనవడ్తది." ఒక కాలి మీది బరువు ఇంకో కాలి మీదికి మార్చుకుంది. "నేన్ పొద్దటి సంది చూస్తున్న. గా పొడుగు పిలగాడు కేకలేస్తడు. గాయన మిషిన్ల జూస్తడు. నువ్వు దీంట్ల ఏం జేస్తవ్ సేటూ?"

ఈ ప్రశ్న అతన్ని చాలామంది అడిగారు. బ్యాంకువాళ్ళకు చెప్పే జవాబు ఒకటుంది, పేపరువాళ్ళకు చెప్పేది ఒకటుంది.

"అందర్ని ఒక్కకాడ జమ జేస్త," అన్నాడు.

"గంతేనా?"

"గంతే."

"మా మిరపచేన్ల మేస్త్రి గూడ గదే పని," అని ఆమె సమాధానపడింది.

బల్ల మీద ఆఫీసరు మాటలు రాసిన కాగితాలు రాయి కింద రెపరెపలాడుతున్నాయి. లైట్లు కుదరడానికి ఇంకా చాలాసేపు పట్టేలా ఉంది. పరశురాములు ఊరికే పైకాగితం తీసుకున్నాడు. హిందీలో ఉన్నదాన్ని తన తెలుగులోకి తిప్పి, ఆఫీసరులా కాస్త గొంతు పెంచి చదివాడు.

"ఈ భూమి నీదే అనేటందుకు రుజువేందమ్మా?"

సోమ్లీ కాళ్ళు మార్చుకోవడం ఆపింది. అతని ముఖంలోకి చూసింది. తర్వాత చూపు దించి బల్ల కింద అతని బూట్లను చూసింది.

"రుజువా? చెప్పులిడిచి రా సారు. చేన్ల నడుద్దాం. ఏడ రాయి గుచ్చుకుంటదో నీ కాలు పడకముందే చెప్త."

గట్టిగా అనలేదు. వాకిట్లో మనిషితో మాట్లాడినట్టే అంది. రిఫ్లెక్టరు పట్టుకున్నవాడు తెలుగువాడు, వరంగల్ నుంచి వచ్చాడు. వాడి చేతులు ఒకసారి కిందికి జారాయి. ఆమె ముఖం మీది వెలుగు తప్పిపోయి, మళ్ళీ వచ్చింది.

కెమెరా వెనక నుంచి దిలీప్ తల పైకి లేచింది. "ఏమంది సర్?" అని హిందీలో అడిగాడు.

పరశురాములు హిందీలో చెప్పాడు. దిలీప్ తలమీది టోపీ తీశాడు. ముప్ఫై నాలుగేళ్ళ కుర్రాడు, రెండు సినిమాలు తీసి పేరు తెచ్చుకున్నవాడు. ఆ సీను కోసం తనే రాసుకున్న పేజీన్నర ఉపన్యాసం జేబులోంచి తీసి, పైనుంచి కిందిదాకా ఒక్క గీత గీశాడు.

సోమ్లీకి అదేమీ అర్థం కాలేదు. "అయ్యిందా? నీడకు పోవాల్నా?" అని అడిగింది.

"ఇంకో పదినిమిషాలు," అన్నాడు కెమెరామన్.

*

బుధవారం పొద్దంతా సుమన, ఉపన్యాసం బదులు పెట్టిన సోమ్లీ మాట ఒక్కదాని దగ్గరే ఆగిపోయింది.

తెలియక కాదు. ముప్ఫై నాలుగేళ్ళుగా నటిస్తున్న మనిషి. మొదటి టేకులో కన్నీళ్ళు పెట్టుకొని చెప్పింది. రెండోదాంట్లో కోపంగా చెప్పింది. అయిదోదాంట్లో గుసగుసగా చెప్పింది. ప్రతి టేకుకూ మధ్య లైట్లు సరిచేయడానికి సోమ్లీ వచ్చి మేకు దగ్గర నిలబడింది, పోయింది, వచ్చి నిలబడింది. పదకొండో టేకు తర్వాత సుమన గొడుగు పట్టబోయినవాణ్ణి ఆపి, దిలీప్ వైపు తిరిగింది.

"మాట నా నోటికి వస్తోంది. నా కాళ్ళకు తెలియడం లేదు," అంది.

ఆఫీసరు వేషం వేస్తున్న సుభాష్ నాటకాలనుంచి వచ్చిన పెద్దమనిషి. బల్ల మీద మోచేతులు ఆనించుకొని, "బాగానే ఉంది కదా," అన్నాడు కానీ ఎవరూ పట్టించుకోలేదు.

భోజనాల వేళ దిలీప్ పళ్ళెం పట్టుకొని పరశురాములు పక్కకు వచ్చి కూర్చున్నాడు.

"సర్, ఒకటి చేద్దాం. ఆ ముసలమ్మ గొంతు రికార్డు చేద్దాం. వాళ్ళ భాషలోనే. సుమన గారి ముఖం మీద ఆ గొంతు వేద్దాం. ఆమె ఎలాగూ పెదవులు కదుపుతారు. నేను వెనకనుంచీ పక్కనుంచీ తీస్తాను, ఎవరికీ తెలియదు."

పరశురాములు పప్పు కలుపుకుంటూ విన్నాడు. మంచి ఉపాయం. పని ఆగకుండా జరిగే ఉపాయం. శనివారం పొద్దుటికి యూనిట్ మొత్తం భూపాలపల్లిలో ఉండాలి. అక్కడ బొగ్గుగని దగ్గర తీయడానికి దొరికింది రెండే రోజులు, అవి జరపడానికి వీల్లేదు. తన జీవితమంతా ఇలాంటి ఉపాయాలతోనే సినిమాలు ఒడ్డుకు చేరాయి. వాన కురిస్తే వానపాట పెట్టించాడు, హీరో కాలు విరిగితే కథలో కాలు విరగ్గొట్టించాడు.

"కానియ్యి," అన్నాడు.

ఇప్పచెట్టు కింద నాలుగు కర్రలు పాతి, చుట్టూ బొంతలు వేలాడదీసి, గాలి చప్పుడు రాకుండా చేశారు. సోమ్లీ లోపల కూర్చుంది. ఆమె కొడుకు బలరాం బొంత ఒకవైపు ఎత్తి పట్టుకున్నాడు. ట్రాక్టరు నడిపే మనిషి, షూటింగుకు తండా మనుషుల్ని కూర్చిపెట్టింది అతనే. సోమ్లీ ఆ మాటను మొదట తెలుగులో చెప్పింది, తర్వాత తమ ఇంటిభాషలో మూడుసార్లు చెప్పింది. మూడుసార్లూ ఒక్కలాగే, తొందర లేకుండా. సౌండ్ చూసే అతను చెవులమీది హెడ్‌ఫోను తీసి బొటనవేలు చూపించాడు.

సోమ్లీ లేవలేదు. మైకు వైపు చూస్తూ కొడుకును అడిగింది.

"గీ మాట ఎవల నోట్లకెల్లి వస్తది రా?"

"సుమన మేడం నోట్లకెల్లి, యాడీ."

వాళ్ళు తల్లిని యాడి అంటారు. తండాలో చిన్నవాళ్ళందరికీ ఆమె యాడీయే.

"మాట నాది, మొకం ఆమెదా?"

బలరాం పరశురాములు వైపు చూశాడు. పరశురాములు ఒక అడుగు ముందుకు వేశాడు. ఇలాంటప్పుడు చెప్పే మాట అతని నోట్లో ఎప్పుడూ సిద్ధంగా ఉంటుంది.

"సినిమాల గిట్లనే ఉంటది చెల్లె."

"ఔనా," అంది సోమ్లీ.

కోపం లేదు, ఎదురుమాట లేదు. మోకాళ్ళ మీద చేతులు ఆనించి లేచింది. తువ్వాలు దులిపి భుజాన వేసుకుంది. చేనుకు అడ్డంపడి నడిచి, ఎవరూ పిలవకుండానే, ఎర్రగుడ్డ మేకు దగ్గర ఎండలో నిలబడింది. అప్పటికి లైట్లవాళ్ళు ఇంకా అన్నాలు తింటున్నారు. కెమెరా మీద గుడ్డ కప్పి ఉంది. ఆమె మాత్రం ఆఫీసరు లేని కుర్చీకి ఎదురుగా, చేతులు వదులుగా వేలాడేసి, నిలబడింది.

పరశురాములు చాలాసేపు అటే చూశాడు. వెళ్ళి నీడకు రమ్మని చెప్పాలనుకున్నాడు. ఏ మొహంతో చెప్పాలో తెలియలేదు.

*

పొద్దు వాలుతుండగా సుమన వ్యాను తలుపు తట్టాడు. ఆమె మేకప్ తుడుచుకుంటోంది. అయిదు సినిమాలు అతనితో చేసింది. ఇద్దరి మధ్యా మర్యాదలు ఎప్పుడో తగ్గిపోయాయి, గౌరవం మాత్రం మిగిలింది.

"కూర్చోండి పరశురాం జీ. గొంతు మార్చే సంగతి దిలీప్ చెప్పాడు."

"నీకు శ్రమ తగ్గుతుంది."

"నా మొదటి సినిమా గుర్తుందా?"

గుర్తుంది. పరశురాములుకు తను తీసిన ప్రతి సినిమా రీళ్ళతో సహా గుర్తుంటుంది. అది అతను నిర్మాతగా తీసిన మూడోది.

"నా హిందీలో మరాఠీ వినబడుతోందని నా గొంతు తీసేసి, ఇంకో అమ్మాయి గొంతు పెట్టారు," అంది సుమన. అద్దంలోనే అతన్ని చూస్తూ మాట్లాడుతోంది. "మా అమ్మను తీసుకొని సినిమాకు వెళ్ళాను. ఇంటర్వెల్ దాకా చూసి, పక్కసీటు ఆవిణ్ణి అడిగింది. మా సుమన నోరు కదుపుతోంది కానీ మాట్లాడేదెవరూ అని. నేను మంచినీళ్ళు తాగొస్తానని లేచి, సినిమా అయ్యేదాకా బయటే నిలబడ్డాను."

"అప్పుడు నాకా సంగతి చెప్పలేదే."

"చెబితే ఏమనేవారు? సినిమాల్లో ఇలాగే ఉంటుందనేవారు."

పరశురాములు ఇప్పుడు కూర్చున్నాడు.

"నా యాసను తీసేయించింది మీరు. మీ యాసను మాత్రం ఎవరు నవ్వినా వదులుకోలేదు. దానికి నాకెప్పుడూ కోపం లేదు, కాస్త అసూయ ఉండేది." దూది పక్కన పడేసి ఆమె ఇటు తిరిగింది. "ఇప్పుడు నేను ఇంకొకరి గొంతు వేసుకోను. అది నా మాట కాదు. నేను చెప్పలేను కూడా, పదకొండుసార్లు చూశారు కదా. చెప్పగలిగిన మనిషి అక్కడ ఎండలో నిలబడి ఉంది. మిగతా సంగతి మీరు చూసుకోండి. ఎలా కుదుర్చుతారో నాకు తెలియదు, కానీ మీరు కుదుర్చుతారు. ఆ ధైర్యంతోనే కదా మీ సినిమా అంటే కథ కూడా అడక్కుండా వస్తాను."

అతను వ్యాను దిగేసరికి కొయ్యకాళ్ళ నీడలు పొడుగ్గా సాగి ఉన్నాయి. గుడారం దగ్గరికి వెళ్ళి, ఈసారి కుర్చీలో కూర్చోకుండా, బల్ల చుట్టూ రెండుసార్లు తిరిగాడు. ఆఫీసరు ఇక్కడ. సుమన అక్కడ. సుమన వెనక వరసలో తండా ఆడవాళ్ళు. వరసలో మొదటి మనిషి ఎవరు? రెండో చుట్టు పూర్తయ్యేసరికి అతని నడకలో వేగం వచ్చింది. మోకాళ్ళ సంగతి గుర్తు రాలేదు.

*

గురువారం పొద్దున ఉప్మా రుచి చూడకుండానే దిలీప్‌ను పక్కకు పిలిచాడు.

"ఆఫీసరు రుజువేమిటని సుమనను అడుగుతాడు. సుమన మాట్లాడదు. నోరు తెరుస్తుంది, మాట రాదు. వెనక వరసలోంచి సోమ్లీ ముందుకొచ్చి, ఆమె పక్కన నిలబడి చెబుతుంది. సొంత ముఖంతో, సొంత గొంతుతో, వాళ్ళ భాషలో."

"సర్, ఇది హీరోయిన్ సీను! ఆమె నోరు మూసుకొని నిలబడితే..."

"ఆమె నోరు మూసుకొని నిలబడితే ఎలా ఉంటుందో నువ్వు ఇంతవరకు చూడలేదు. రేపు చూస్తావు. మాట రాని మనిషి పక్కన ఇంకో మనిషి వచ్చి నిలబడితే జనం ఊపిరి బిగబడతారు. నేను చెబుతున్నా, రాసుకో."

దిలీప్ గడ్డం గోక్కున్నాడు. కాసేపటికి వేళ్ళతో చతురస్రం చేసి, ఒక కన్ను మూసి, గుడారం వైపు చూశాడు. అప్పుడు పరశురాములుకు పని సగం అయిందని తెలిసింది.

మిగతా సగం కల్లంలో ఉంది. సోమ్లీ ఆ పొద్దు డూపు పనికి రాలేదు. పరశురాములు, దిలీప్ వెతుక్కుంటూ వెళితే, తండా చివర ఎండుమిరప ఆరబోసిన కల్లంలో ముక్కుకు కొంగు చుట్టుకొని తాలుకాయలు ఏరుతోంది. అద్దాల బట్టలు లేవు. పాత నీలం చీర, మోచేతుల దాకా ఎర్రటి దుమ్ము. దిలీప్ తుమ్ముతూనే నిలబడ్డాడు. పరశురాములు చెప్పదలచుకున్నదంతా చెప్పాడు. ఆమె ఏరుతూనే వింది.

"నేన్ చెప్ప సేటూ," అంది.

"ఎందుకు చెల్లె?"

"గా మాట నేన్ మొన్న కొత్తగ అన్లే. తొమ్మిదేండ్ల కింద నిజం సారు ముంగట అన్న. కొలతలకొచ్చిండు. గిట్లనే బల్లేసుకొని కూసున్నడు. రుజువేందన్నడు, గిదే చెప్పిన. నవ్విండు. ఎన్కకు తిరిగి పక్కోనికి చెప్పిండు, ఆడు గూడ నవ్విండు. రాసుకోలే." ఒక తాలుకాయను పక్క కుప్పలోకి విసిరింది. "రెండెకరాలు దున్నినం. ఎకరం గూడ కాకుండ ముప్పై గుంటలే రాసిండ్రు. మీరు గుడారమేసిన జాగ గా ముప్పై గుంటలల్లనే ఉన్నది. దానవతల నీళ్ళు పారే ఒర్రె దాక గూడ మాదే. కాయితం లేదు."

పరశురాములు ఆమెకు ఎదురుగా గొంతుక్కూర్చున్నాడు. చాలా ఏళ్ళకు అలా కూర్చున్నాడు. చేతికందిన నాలుగు కాయల్లోంచి తెల్లబారిన ఒకదాన్ని తీసి ఆమె వేసిన కుప్పలోనే వేశాడు.

"సినిమాల సారు నవ్వడు," అన్నాడు.

"మరేం జేస్తడు?"

అతను దిలీప్‌ను చూశాడు. రాసిన సీనులో ఆఫీసరు తల వంచుకుంటాడు, అంతే.

"తల దించుకుంటడు," అన్నాడు.

సోమ్లీ మొదటిసారి పని ఆపి చేతులు దులుపుకుంది.

"నేన్ తల దించుమన్ననా? చెప్పులిడువు మన్న. గాయన చెప్పులిడవాలె. చేన్ల నడవాలె. నేన్ ముంగట నడుస్త. గట్లయితే చెప్త, లేకుంటే మీరు ఇంకెవల్తోనన్న చెప్పిచ్చుకోరి."

పరశురాములు అది హిందీలోకి తిప్పాడు. దిలీప్ తల అడ్డంగా ఊపాడు. "ఏ ఆఫీసరూ అలా చేయడు సర్. జనం నమ్మరు."

"దిలీప్, నా సినిమాల్లో పన్నెండు తూటాలు తగిలినవాడు లేచి పాట పాడాడు. ఇరవై ఏళ్ళ కింద తప్పిపోయిన తమ్ముణ్ణి పుట్టుమచ్చ చూసి గుర్తుపట్టారు. జనం నమ్మారు. ఒక మనిషి చెప్పులు విప్పి నాలుగడుగులు నడిస్తే నమ్మరా?"

దిలీప్‌కు తుమ్ముతో పాటు నవ్వు వచ్చింది.

"ఏమంటుండు?" అంది సోమ్లీ.

"సరే అంటుండు," అన్నాడు పరశురాములు.

*

శుక్రవారం సోమ్లీకి అద్దాల బట్టలు వేయలేదు. నీలం చీరతోనే వచ్చింది. మేకు దగ్గర సుమన నిలబడింది, లైట్లు సరిచేసేంతసేపూ తనే నిలబడింది. డూపు వద్దంది.

టేకు ఒకటే. సుభాష్ ప్రశ్న అడిగాడు. సుమన నోరు తెరిచింది. మాట బయటకు రాలేదు. ఒర్రె వైపు నుంచి గాలి వచ్చి బల్ల మీది కాగితం ఒకటి ఎగిరిపోయింది. దాన్ని ఎవరూ పట్టుకోలేదు. వరసలోంచి సోమ్లీ నడిచి వచ్చి సుమన పక్కన నిలబడింది. ఆఫీసరు ముఖంలోకి చూసి, తర్వాత బల్ల కిందికి చూసి, తమ భాషలో ఆ మాట చెప్పింది. చివర్లో కాస్త ఆగి, రాసి ఇవ్వని మాట ఒకటి కలిపింది. వెనక వరసలో ఆడవాళ్ళు గలగలమన్నారు. సుభాష్‌కు భాష తెలియదు కానీ ఆయన కళ్ళు సహజంగానే తన బూట్ల మీదికి దిగాయి.

దిలీప్ "కట్" అనడం మరిచిపోయాడు. కెమెరామన్ అన్నాడు.

"ఎన్కమాట ఏమన్నవ్?" పరశురాములు అడిగాడు.

"జల్ది రా, ఎండెక్కుతున్నది అన్న."

సుమన సోమ్లీ చేయి పట్టుకొని నవ్వుతోంది. ఇద్దరికీ ఒకరి మాట ఒకరికి రాదు. సోమ్లీ ఆమె రవిక మీది అద్దం ఒకటి వేలితో తుడిచి, అందులో తన ముఖం చూసుకొని, సరిగ్గానే ఉందన్నట్టు తల ఊపింది.

చిక్కు నడక దగ్గర వచ్చింది. సుభాష్ బూటు లేసు మీద చేయి వేసి ఆగిపోయాడు. పాపం, మొహమాటపడుతూనే చెప్పాడు.

"నాకు షుగర్ పరశురాం జీ. పదిహేనేళ్ళయింది. ఇంట్లో కూడా చెప్పులు విప్పొద్దన్నాడు డాక్టరు. రాళ్ళు ఏరించినా ఇక్కడ కొయ్యకాళ్ళున్నాయి."

అది కాదనలేని మాట. లేసు విప్పడం దాకా సుభాష్ చేతులతో తీసి, నేలమీద నడిచే పాదాలు వేరేవాళ్ళవి తీయాలి. దిలీప్ తండా మగవాళ్ళ పాదాలు చూశాడు. బలరాం పాదాలు పగిలి, మట్టి పట్టి, నేలలాగే ఉన్నాయి. ఆఫీసరు పాదాలంటే ఎవరూ ఒప్పుకోరు. లైట్లవాళ్ళవి కుర్ర పాదాలు. కెమెరామన్ మడమ మీద పచ్చబొట్టు. దిలీప్ చూపు అలా ఒక్కొక్కరి కాళ్ళ మీదా పాకుతూ వచ్చి, వంటపొయ్యి పక్కన కుర్చీ దగ్గర ఆగింది.

"సర్," అన్నాడు. "బూట్లు ఒకసారి తీస్తారా?"

పరశురాములు దిలీప్‌ను చూశాడు, తన బూట్లను చూశాడు. ముప్ఫై ఒక్క సినిమాల్లో ఎన్నడూ కెమెరా ముందుకు రాలేదు. సరదాకైనా, గుంపులోనైనా, పెళ్ళి సీనులో అక్షింతలు వేసే పెద్దమనిషిగానైనా రాలేదు. రమ్మన్నవాళ్ళందరికీ, నా పని మనుషుల్ని జమచేయడం, కనబడటం కాదని చెప్పేవాడు.

వంగి, లేసులు విప్పుకున్నాడు. మేజోళ్ళు తీసి బూట్లలో కుక్కాడు. పాదాలు తెల్లగా, మెత్తగా, వేళ్ళ దగ్గర ముడతలుపడి, చాలా కాలంగా ఎండ చూడనివిగా ఉన్నాయి.

"ఇవే," అన్నాడు దిలీప్. "అచ్చం ఇవే."

సుభాష్ ప్యాంటు లాంటిదే తెచ్చి తొడిగారు. కెమెరాను నేలకు ఆనించి పెట్టారు. సోమ్లీ మూడడుగుల ముందు నిలబడింది. ఆమె కనిపిస్తుంది, వెనక అతని మోకాళ్ళ కిందినుంచి మాత్రమే కనిపిస్తుంది.

"జర పైలం సేటూ," అని ఆమె నడక మొదలుపెట్టింది.

మొదటి అడుగుకే మక్క కొయ్యకాలు వేళ్ళ సందున గీసుకుంది. రెండో అడుగు నేల వేడి. సోమ్లీ వెనక్కి తిరగకుండానే చెబుతోంది. "గీడ మెత్తగ ఉంటది. గీడ గూడ. ఎడమకు జరుగు, పలుగురాయి ఉన్నది."

అతను ముందే ఆ దారిలో రాళ్ళన్నీ మనుషులతో ఏరించాడు. పొద్దున తనే నిలబడి చూశాడు, ఒక్క రాయి లేదు. ఎడమకు జరగలేదు. కుడిపాదం ముందుకు వేశాడు. మట్టిలో పూడుకుపోయి, మొన మాత్రం బయటపెట్టిన తెల్లటి రాయి అరికాలి మధ్యలో దిగింది. కాలివేళ్ళు ముడుచుకుపోయాయి. నోట్లోంచి "అవ్వా" అన్న మాట వచ్చింది.

"చెప్తి గద," అంది సోమ్లీ, ఆగకుండానే.

నేలమీద బోర్లా పడుకున్న కెమెరామన్ గొంతు అణచుకొని, "వచ్చింది, వచ్చింది," అన్నాడు. దిలీప్ "కట్!" అని అరిచాడు. చప్పట్లు వినబడ్డాయి. బూట్లు పట్టుకొని ఎవరో పరిగెత్తి వస్తున్నారు.

సోమ్లీ ఆగలేదు. కట్ అంటే తెలియక కాదు, నాలుగు రోజులుగా వింటూనే ఉంది. పరశురాములు ఒకసారి వెనక్కి చూశాడు. బూట్లు తెస్తున్నవాణ్ణి అక్కడే ఆగమని చేయి చూపించాడు. కుడిపాదం మడమ మీద మోపుకుంటూ ఆమె వెనక నడిచాడు. గుడారం దాటారు. జనరేటర్ వ్యాను దాటారు. మాటలు దూరమయ్యాయి. ఒకచోట మట్టిగట్టు లాంటిది అడ్డంగా ఉంది, దానిమీద సున్నం పూసిన చిన్న హద్దురాయి. సోమ్లీ దాని పక్కన ఆగి కొంగుతో ముఖం తుడుచుకుంది.

"అన్నా, గీడిదాక కాయితం ఉన్నది. ఇగ ఈడికెల్లి ఒర్రె దాక కాయితం లేనిది. రాళ్ళు దీంట్లనే ఎక్కువ."

గట్టు అవతల చేను ఎండలో తెల్లగా మెరుస్తోంది. చూస్తే అంతా ఒక్కలాగే ఉంది, ఏది మట్టో ఏది రాయో పరశురాములుకు తెలియలేదు. ప్యాంటు మడతలు మోకాళ్ళ దాకా ఎత్తుకున్నాడు. గట్టు ఎక్కి, ఒక కాలు గాలిలో ఉంచి, ఆమె వైపు చూశాడు.

"యాడ పెట్టాలె చెల్లె?" అని అడిగాడు.